ఇతరముల కింద రాసిన గుర్రం

మా పశువైద్యశాల ఓపీ రిజిస్టరులో ఆవులకు ఒక గడి, గేదెలకు ఒక గడి, గొర్రెలకు, మేకలకు, కోళ్ళకు తలా ఒక గడి ఉండేవి. చివరన ఇరుకుగా 'ఇతరములు' అని ఇంకొకటి. నేను అక్కడ పనిచేసినంత కాలం ఆ గడిలో పడ్డవి కుక్కలు, ఒక చిలుక, ఎవరో బకెట్లో వేసుకొచ్చిన తాబేలు. నా సర్వీసు ఇంకో ఏడాదిలో ముగుస్తుందనగా అందులో ఒక గుర్రం చేరింది.

ఈ శాఖలోకి కొత్తగా వచ్చిన మీకు చెప్పుకోదగ్గ ఘనకార్యాలు నా దగ్గర పెద్దగా లేవు. టీకాలు వేశాను, అడ్డం తిరిగిన దూడలను బయటికి లాగాను, బదిలీ అయ్యాను, మళ్ళీ అక్కడికే వచ్చాను. ఈ గుర్రం సంగతి మాత్రం చెప్పాలి. నేను చేసిన తప్పులన్నిట్లో ఇది కాస్త ప్రత్యేకమైనది. తెలియక చేసే తప్పులు ఎలాగూ చేస్తాం. ఇది అన్నీ తెలిసి చేసింది.

ముందు మా ఊళ్ళ సంగతి ఒకటి చెబితే గాని మిగతాది అర్థం కాదు. మిరప, పత్తి పండే మా వైపు తిరునాళ్ళంటే బండలాగుడు పోటీ. చీమకుర్తి నుంచి తెచ్చిన గ్రానైటు బండకు గొలుసు కట్టి, ఒంగోలు ఎడ్ల జతతో లాగిస్తారు. గడువు పదిహేను నిమిషాలు. బరిలో ఈ గీత నుంచి ఆ గీత దాకా పోవాలి, అక్కడ తిరిగి మళ్ళీ ఈ గీత దాకా రావాలి. గడువు ముగిసి ఈల మోగేసరికి ఏ జత ఎక్కువ దూరం లాగితే దానిదే గెలుపు. మధ్యలో కాడి దించితే అక్కడితో ఆ జత ఆట అయిపోయినట్టే. ఇవి గుర్తు పెట్టుకోండి.

మా ఆసుపత్రి ఉన్న ఊళ్ళో ఒక మిరప రైతు ఉండేవాడు. మనిషి భారీ, మీసం అంతకన్నా భారీ. ఆయన ఎడ్ల జత మా చుట్టుపక్కల తిరునాళ్ళన్నిట్లో పేరు మోసిన జత. నిజానికి అవి ఆయన భార్యవి. ఆవిడ పుట్టింటి నుంచి తెచ్చుకున్న ఆవుకి రెండు ఈతల్లో పుట్టిన కోడెలు. తెల్లారకముందే లేచి వాటికి ఉలవలు ఉడకబెట్టేది ఆవిడ, కాళ్ళు కడిగి, ఒక్కో కాలూ పైనుంచి కిందికి తడిమి చూసేది ఆవిడ. స్టేజీ ఎక్కి శాలువా కప్పించుకునేది ఆయన.

ఆ ఏడు ఈయన మిర్చి బేరం మీద ఏదో నగరానికి వెళ్ళి, లారీలో ఒక గుర్రంతో తిరిగొచ్చాడు. అక్కడి రేసుల్లో పరుగెత్తి రిటైరైన గుర్రమట. ముదురు గోధుమరంగు, నుదుటి మీద తెల్ల మచ్చ, ఒళ్ళంతా నిగనిగ.

"ఎందుకు కొన్నారండీ?" అని అడిగాను.

"అమ్ముతున్నారండీ," అన్నాడు.

ఎందుకు అమ్ముతున్నారని ఆయన అడగలేదు. నేనూ అడగలేదు. నాకు తట్టాల్సిన మొదటి ప్రశ్న అది.

గుర్రం వచ్చిన వారానికి చీరాల నుంచి ఆయన బావమరిది వచ్చాడు, అంటే ఆవిడ తమ్ముడు. అతనికి అక్కడ పెళ్ళిళ్ళ బ్యాండు మేళం ఉంది. మేళంతో పాటు పెళ్ళికొడుకుల ఊరేగింపుకి ఒక తెల్లగుర్రం ఉంది. అక్క ఎడ్ల మీద అతనికి ఎప్పటినుంచో కన్ను. మా ఇంటి ఆవు బిడ్డలు మా ఇంటికే రావాలని వచ్చినప్పుడల్లా అనేవాడు. ఆ రోజు గుర్రం చుట్టూ రెండుసార్లు తిరిగి పెదవి విరిచాడు.

"బావా, ఇది పరుగు మర్చిపోయింది. అందుకే నీకు అంటగట్టారు. నా పెళ్ళిగుర్రం దీనికంటే ముందు పోయిద్ది."

"ఏందిరా పోయేది? డప్పు ముందర గంతులేసే గుర్రం నా రేసుగుర్రంతో పోటీనా?"

"పందెం?"

"పందెం!"

ఆవిడ మజ్జిగ గ్లాసులు పట్టుకుని వసారాలోకి వచ్చేసరికి ఎడ్లు పందెంలోకి వెళ్ళిపోయాయి. రేసుగుర్రం ఓడితే ఎడ్ల జత తమ్ముడికి. పెళ్ళిగుర్రం ఓడితే అది బావకి. పందెం నుంచి తప్పుకున్నా ఓడినట్టే. ఆవిడ గ్లాసులు అరుగు మీద పెట్టి దొడ్లోకి వెళ్ళి ఎడ్ల పక్కన కూర్చుందట. ఇదంతా నాకు మా కాంపౌండరు చెప్పాడు. ఊళ్ళో ఏది జరిగినా అతనికి ముందు తెలిసేది, నాకు తర్వాత తెలిసేది, రిజిస్టరుకి ఎప్పటికీ తెలిసేది కాదు.

తిరునాళ్ళ కమిటీ వాళ్ళు సంబరంగా ఒప్పుకున్నారు. చిక్కల్లా గుర్రప్పందేనికి నియమాలు ఏమిటో ఎవరికీ తెలియకపోవడం. అందుకని బండలాగుడు నియమావళిని జిరాక్సు తీయించి, 'ఎడ్లు' అన్నచోట కొట్టేసి 'గుర్రం' అని పెన్నుతో రాశారు. మరీ అడ్డమొచ్చిన చోట బండని కొట్టేశారు. 'ప్రతి జతా' అని ఉన్నచోట ఒక పూటంతా వాదన నడిచింది. గుర్రం ఒక్కటే కదా, జత ఎక్కడిది? చివరికి ప్రధాన న్యాయనిర్ణేత తేల్చారు. ఆయన రిటైరైన లెక్కల మాస్టారు, ముప్పై ఏళ్ళుగా మా బరిలో టేపు పట్టిన మనిషి.

"గుర్రం ఒకటి, దాన్ని తోలే మనిషి ఒకడు. వెరసి జత," అన్నారాయన.

ఆ తర్వాత పళ్ళ గొడవ వచ్చింది. ఎడ్లను పళ్ళు చూసి తరగతుల్లో దింపుతారు. రెండు పళ్ళవి ఒక తరగతి, నాలుగు పళ్ళవి ఒక తరగతి, అలా. కమిటీ వాళ్ళు అలవాటు ప్రకారం గుర్రం నోరు తెరిచి చూసి నిర్ఘాంతపోయారు. పశువులకు పై దవడలో ముందుపళ్ళు ఉండవు. దీనికి పైనా కిందా నిండా ఉన్నాయి. ఎవరో కట్టుడుపళ్ళు పెట్టించి తెచ్చారని ఒక పెద్దాయన గట్టిగా అన్నాడు. నన్ను పిలిపించారు. గుర్రానికి పై పళ్ళు పుట్టుకతోనే వస్తాయని, ఇందులో మోసమేమీ లేదని నేను సర్కారు ముద్రతో ధ్రువపత్రం రాసిచ్చాను. సాక్షిగా నియమావళి మీద కూడా సంతకం పెట్టాను. ఒక కాపీ నా బల్ల సొరుగులో వేసుకున్నాను. చదివానా అంటే, చదవలేదు. బావాబావమరదులు కూడా చదవకుండానే సంతకాలు పెట్టారు. బరిలోని గీత దగ్గర బయలుదేరి, పొలాల మధ్య డొంకదారిలో పోయి మిర్చి కోల్డ్ స్టోరేజీ గోడని ముందుగా ముట్టుకున్నదే గెలిచినట్టని వాళ్ళు నోటితో అనుకున్నారు. ఆ మాట కాగితంలో లేదు.

ఆ సాయంత్రమే రైతు కల్లంలో మిరపకాయలు ఎండబోసిన చోట నన్ను మంచం మీద కూర్చోబెట్టి అడిగాడు.

"సార్, అసలు రేసుగుర్రం అంత వేగంగా ఎందుకు పరిగెత్తిద్ది? ఆ కిటుకేదో చెబితే దానికి తగ్గట్టు మేపుకుంటాం."

నా ముప్పై రెండేళ్ళ సర్వీసులో నన్ను ఇలాంటి ప్రశ్న అడిగినవాళ్ళు లేరు. గేదె పాలెందుకు తగ్గాయి, గొర్రెకి పారుడు ఎందుకు పట్టుకుంది, ఇవే ప్రశ్నలు. కాలేజీలో గుర్రం పాఠం నాకు కంఠతా వచ్చు. అదంతా లోపల అలాగే ఉండిపోయింది. నలభై మంది చుట్టూ చేరారు. మిరప ఘాటుకి అందరం తుమ్ముతూనే ఉన్నాం. నేను లేచి నిలబడ్డాను.

గుర్రం గుండె ఎంత పెద్దదో చెప్పాను. దౌడు అందుకున్నాక అంగకొక ఊపిరి చొప్పున కాళ్ళూ ఊపిరితిత్తులూ ఒకే లయలో పడతాయని చెప్పాను. ఇక ప్లీహం దగ్గరికి వచ్చేసరికి నన్ను ఆపేవాళ్ళు లేకపోయారు. ఊరికే నిలబడి ఉన్నప్పుడు గుర్రం తన ఎర్ర రక్తకణాల్లో పెద్ద వాటాని ఎడమ డొక్కలో ఉన్న ప్లీహంలో దాచుకుంటుంది. పరుగు మొదలవగానే ఆ ప్లీహం పిండినట్టు ముడుచుకుని, దాచిన రక్తాన్నంతా ఒక్కసారిగా వదులుతుంది. ఆ తర్వాత మా కాంపౌండరుని ముందుకి పిలిచి, అతని ప్యాంటు మోకాలి దాకా మడిపించి కాళ్ళ సంగతి చెప్పాను.

"గుర్రానికి ముందు మోకాలి కింద కండ ఉండదు. ఎముక, దాని వెనక తాళ్ళలాంటి నరాలు, అంతే. మీరు నరం అంటారు, మేం స్నాయువు అంటాం. అడుగు పడినప్పుడు రబ్బరులా సాగి, ముడుచుకుంటూ కాలిని ముందుకి విసురుతుంది. ఇంత బరువూ ఆ తాడు మీదే."

గుర్రం నాకు పది అడుగుల దూరంలో కట్టేసి ఉంది. నేను చూపించింది కాంపౌండరు కాలు.

"మా ఎడ్లకి ఈ ప్లీహం పెరగడానికి ఇంజెక్షన్ ఏమన్నా ఉందా సార్?" అని ఒకడు అడిగాడు.

"లేదు."

"కోడిగుడ్లు పెడితే?"

"పెరగదు."

"మేకది వండుకు తింటే మనకి పెరిగిద్దా సార్?" అని ఇంకొకడు.

అప్పుడు వెనక నుంచి ఆవిడ గొంతు వినపడింది.

"డాక్టరు గారూ, మరి ఆ నరం తెగితే?"

"అది వేరే చాప్టరమ్మా," అన్నాను. అందరూ నవ్వారు. నేనూ నవ్వాను.

ఎవడో దాన్నంతా ఫోన్లో తీసి గ్రూపుల్లో పెట్టాడు. మర్నాటి నుంచి నా పేరు ప్లీహం డాక్టరు. పక్క మండలాల్లో కూడా అదే పేరు. నాకు కోపం రాలేదు, లోలోపల సంతోషంగానే ఉంది. ఆ వారంలో గొర్రెలకు టీకాలు వేయడానికి వెళ్ళిన చోటల్లా ముందు ప్లీహం గురించి చెప్పించుకుని తర్వాతే గొర్రెల్ని పట్టుకొచ్చారు.

గుర్రానికి తర్ఫీదు మొదలైంది. వాళ్ళకు తెలిసిన తర్ఫీదు ఒక్కటే. ఉలవలు, నువ్వులూ బెల్లం, కోడిగుడ్లు. కోడిగుడ్లు అది మూతితో తోసేసింది. మెడకు గవ్వల పట్టెడ కట్టారు. కొమ్ములకు కట్టే గజ్జెలు ఎక్కడ కట్టాలో తెలియక చెవుల మీదుగా కట్టారు. రోజూ పొద్దున ఎడ్లతో పాటు బరికి తోలుకుపోయి, దాన్ని కూడా ఈ గీత నుంచి ఆ గీతకీ, ఆ గీత నుంచి ఈ గీతకీ నడిపించారు. తోలుకెళ్ళేది ఆవిడే. గుర్రం కొద్దిరోజుల్లోనే ఆవిడ వెనక తాడు లేకుండా నడవడం మొదలుపెట్టింది. నేను రోజూ స్కూటరాపి చూసి, "బాగుంది, బాగుంది," అని వెళ్ళేవాణ్ణి.

తిరునాళ్ళకి ఇంకో పది రోజులున్నాయనగా ఆవిడ స్కూటీ మీద ఆసుపత్రికి వచ్చింది. లోపలికి రాలేదు, గుమ్మం దగ్గరే నిలబడింది.

"డాక్టరు గారూ, దాని కుడి ముందుకాలు తడిమి చూశారా మీరు?"

"ఏమైందమ్మా?"

"వేడిగా ఉంది. పొద్దున కడిగేటప్పుడు చూస్తున్నాను రోజూ. మా ఎడ్ల కాళ్ళు ఆ వేళకి చల్లగా ఉంటాయి. దీని ఒక్క కాలే వేడి. ఇవాళ బరువు కూడా ఆనించట్లేదు."

వెంటనే వెళ్ళాను. కూర్చుని కాలు పట్టుకున్నాను. ఆ గుర్రం ఊళ్ళోకి వచ్చాక నేను దాని కాలు పట్టుకోవడం అదే మొదలు. మోకాలి కింద వెనక నరం అరటికాయలా వంగి ఉబ్బింది. పాత దెబ్బ. దానివల్లే అమ్మేశారని పశువైద్యం చదివిన ఎవడికైనా తెలుస్తుంది, చేయి వేసి చూస్తే. నలభై మంది ముందు స్నాయువు గురించి పావుగంట మాట్లాడిన వాణ్ణి, ఆ పదడుగులూ నడిచి దాని కాలు ముట్టుకోలేదు. నాకు సిగ్గేసింది. ఆవిడ మొహం చూడలేక గుర్రం కాలే చూస్తూ కూర్చున్నాను.

"పరిగెత్తితే?" అంది ఆవిడ.

"తెగుతుందమ్మా. తెగితే ఇక లేవదు."

రైతు వచ్చాడు. ఆయనకు సంగతి చెప్పాను.

"ఇప్పుడు తప్పుకుంటే ఎడ్లు పోతాయి సార్. పరిగెత్తిస్తే గుర్రం పోయిద్ది. ఏం చెయ్యను?" అని తల పట్టుకుని, కాసేపటికి గొంతు తగ్గించి అడిగాడు. "ఆ ఒక్క రోజుకి నొప్పి తెలియకుండా సూదేదన్నా వెయ్యండి సార్. ఒక్క రోజే."

పిల్లలూ, ఇది మీకు ఎవరూ చెప్పరు కాబట్టి నేను చెబుతున్నాను. ఆ సూది నా సంచిలో ఉంది. ప్లీహం డాక్టరు చూసే గుర్రం ఓడిందంటే నా పరువేం కావాలన్న ఆలోచన కూడా నా బుర్రలో ఉంది. ముందు కాస్త మోతాదు వేసి చూద్దామని సిరంజిలోకి మందు ఎక్కించాను కూడా.

"నొప్పి తెలియకపోతే నరం తెగకుండా ఉండిద్దా అండీ?" అని ఆవిడ మామూలుగా అడిగింది. నిజంగానే తెలుసుకోవాలని అడిగింది.

"ఉండదమ్మా. ఇంకా తొందరగా తెగుతుంది. నొప్పి లేదని ఇంకా గట్టిగా పరిగెడుతుంది."

అలా అన్నాక ఆ సిరంజి ఏం చేసుకోను? మందు నేలమీద పిచికారీ చేసేశాను. నా వెంట వచ్చిన కాంపౌండరు తల తిప్పుకుని వాళ్ళ వసారా గోడ మీద క్యాలెండరు చూస్తున్నాడు. చన్నీళ్ళ పట్టీ వేసి, కట్టు కట్టి, ఆవిడకు రెండు పూటలా ఎలా కట్టాలో చూపించాను. నేను వెళ్ళబోతుంటే ఆవిడ రెండు ప్రశ్నలు అడిగింది.

"మెల్లగా నడిస్తే ఏమన్నా అయిద్దా?"

"నడిస్తే మంచిదే. నేల మెత్తగా ఉండాలి, మలుపు విశాలంగా తిప్పాలి. పావుగంట, ఇరవై నిమిషాలు నడవచ్చు."

"ఆ నియమాల కాగితం మీ దగ్గర ఒకటుందంట గదా. ఒకసారి ఇస్తారా?"

ఇచ్చాను. ఎందుకని అడగలేదు. ఎడ్లు పోతున్నాయన్న దిగులుతో అడిగిందేమో అనుకున్నాను.

తిరునాళ్ళ రోజు వచ్చింది. బరి చుట్టూ ట్రాక్టర్ల మీద, గోడల మీద, కరెంటు స్తంభాల మీద జనం. బావమరిది తెల్లగుర్రం మీద పెళ్ళికొడుకు తలపాగా చుట్టుకుని వచ్చాడు. వాడి ముందర ఒక ట్రాలీ ఆటో, ఆటోలో బ్యాండు మేళం మొత్తం. విషయమేమిటంటే ఆ గుర్రానికి పుట్టాక తెలిసిన పని ఒక్కటే, బ్యాండు వెనకాల నడవడం. బ్యాండు ఎంత వేగంగా పోతే అదీ అంత వేగంగా పోతుంది. బావమరిది ఈ సూత్రం కనిపెట్టి బ్యాండుని ఆటో ఎక్కించాడు. నేను చెప్పిన ప్లీహమూ ఊపిరితిత్తులూ ఏవీ లేకుండా ఆ గుర్రం పరుగెత్తడానికి సిద్ధంగా ఉంది.

ఇటు మా రైతు కొత్త పంచె గోచీ పెట్టి, జీవితంలో ఎన్నడూ ఎక్కని గుర్రం మీదికి స్టూలు వేసుకుని ఎక్కబోతున్నాడు. ఆయనకూ వేరే దారి కనపడలేదు. కళ్ళు ఎర్రగా ఉన్నాయి. జనంలోంచి ఆవిడ వచ్చింది. కొంగు నడుముకు దోపుకుని భర్త చేతిలో తాడు పుచ్చుకుంది.

"మీరు దిగండి. ఎడ్లు నా పుట్టింటివి. నేను తోలతాను."

మా బరిలో ఆడమనిషి దిగడం నేను అంతకుముందు చూడలేదు. కమిటీలో గుసగుసలు లేచాయి. లెక్కల మాస్టారు కాగితం తిరగేసి చూసి, "ఆడవాళ్ళు తోలకూడదని ఎక్కడా లేదు," అన్నారు.

ఈల మోగింది. ట్రాలీ ఆటో దుమ్ము లేపుకుంటూ డొంకలో పడింది. డప్పులు ఎగిరెగిరి పడుతున్నాయి, సన్నాయి వాయించే మనిషి ఒక చేత్తో ఆటో పట్టుకుని ఇంకో చేత్తో వాయిస్తున్నాడు. వెనకాల తెల్లగుర్రం దౌడు తీసింది. జనం కేకలు. ఇటు రేసుగుర్రం ఆవిడ వెనకాల మెల్లగా నడుచుకుంటూ వెళ్ళింది. అవతలి గీత దాకా వెళ్ళింది. విశాలంగా తిరిగింది. మళ్ళీ ఇవతలి గీతకి వచ్చింది. మళ్ళీ తిరిగింది.

"ఏందమ్మా, అటు పోవాలి! అటు!" అని జనం అరుస్తున్నారు. రైతు బరి పక్కన కూలబడ్డాడు. నాకూ అర్థం కాలేదు. గుర్రం అలవాటు కొద్దీ తిరుగుతోంది, ఆవిడ దాన్ని మళ్ళించలేకపోతోందని అనుకున్నాను. కట్టు జారలేదు కదా అని మాత్రం కాలి వంకే చూస్తున్నాను.

మూడు నిమిషాల్లో బావమరిది కోల్డ్ స్టోరేజీ గోడ ముట్టుకున్నాడు. గుర్రం దిగి దండ వేయించుకున్నాడు. ఫోన్లో లైవ్ పెట్టి గంతులేశాడు. బ్యాండు చుట్టూ చేరి వాయించింది, తెల్లగుర్రం అలవాటు ప్రకారం కాళ్ళెత్తి ఆడింది. వాళ్ళంతా ఊరేగింపుగా తిరిగొచ్చేసరికి ఇక్కడ ఇంకా నడక సాగుతోంది. మైకు మనిషి మొదట్లో నోరెళ్ళబెట్టాడు గాని, పాతికేళ్ళ అలవాటు ఊరుకోనిస్తుందా?

"పదహారో చుట్టు పూర్తి! జత ఎక్కడా తొణకడం లేదు, చూడండి, ఎంత నిబ్బరంగా తిరుగుతోందో!"

"ఆపండి! నేను గెలిచేశాగా!" అన్నాడు బావమరిది.

"ఈల కాలేదు," అన్నారు లెక్కల మాస్టారు, గడియారం మీంచి కళ్ళెత్తకుండా.

పదిహేనో నిమిషం నిండగానే ఆయన ఈల ఊదారు. టేపు తీసుకుని ఆఖరి చుట్టు కొలిచారు. కాగితం మీద ఏదో గుణించారు. మైకు దగ్గరికి వెళ్ళి దగ్గి చెప్పారు.

"కోల్డ్ స్టోరేజీ దాకా దూరం మన బరిలో పది చుట్లకి సమానం. అక్కడ తోలేవాడు గుర్రం దిగాడు, అంటే కాడి దించినట్టే. ఈ జత తిరిగింది ఇరవై ఒక్క చుట్లు. నియమావళి రెండో అంశం ప్రకారం గడువులో ఎక్కువ దూరం పోయిన జతదే గెలుపు."

తలపాగా ఊడిపోయేలా బావమరిది బరిలోకి దూకాడు.

"ఇదేం రేసక్కా? నడిపించి గెలుస్తావా?"

"పరిగెత్తాలని ఎక్కడ రాశారో చూపించరా," అని ఆవిడ రవికెలోంచి మడత పెట్టిన కాగితం తీసి ఇచ్చింది. నేనిచ్చిన కాపీయే.

వాడు చదివాడు. అటు తిప్పి చదివాడు, ఇటు తిప్పి చదివాడు. చివర్లో తన సంతకం చూసుకున్నాడు.

"ఇదంతా ఎవరు చదువుతారే అక్కా?"

"ఎడ్లు నావిరా. నేను చదవకుండా ఎట్టా ఉంటాను?"

తమ్ముడు తల దించుకున్నాడు. జనం చప్పట్లు కొట్టారు. మా రైతు లేచి దుమ్ము దులుపుకుని, మీసం దువ్వుకుని మైకు పుచ్చుకున్నాడు. ఇదంతా మొదటి నుంచీ తాను వేసిన పథకమేనని చెప్పాడు. ఆవిడ అటు చూడను కూడా చూడలేదు. నన్ను పిలిచి, "ఇప్పుడు చూడండి," అంది.

ఇస్త్రీ ప్యాంటుతో ఆ దుమ్ములో కూర్చుని కట్టు విప్పాను. వాపు ఉంది. వేడి లేదు. "పర్లేదమ్మా," అన్నాను.

పెళ్ళిగుర్రాన్ని ఆవిడ తీసుకోలేదు. పెళ్ళిళ్ళ రోజుల్లో గుర్రం లేకపోతే తమ్ముడికి గడవదని తెలుసు. దానికి బదులు ఏం చేస్తే ఈ కాలు బాగవుతుందని నన్ను అడిగింది. రోజూ రెండు పూటలా సముద్రపు నీళ్ళలో మోకాళ్ళ లోతున నిలబెడితే మంచిదని చెప్పాను. చీరాలకు సముద్రం దగ్గర. ఆ శిక్ష తమ్ముడికి పడింది. ఏడాది పాటు పొద్దునా సాయంత్రం వాడు లుంగీ ఎగ్గట్టుకుని రేసుగుర్రంతో సముద్రంలో నిలబడ్డాడు. పెళ్ళిగుర్రం ఒంటరిగా ఇంటి దగ్గర ఉండనంటే దాన్నీ తెచ్చి పక్కన నిలబెట్టేవాడట. మొదటి నెల నాకు ఫోన్ చేసి తిట్టేవాడు. తర్వాత కాలు ఎలా ఉందో చెప్పడానికి చేసేవాడు.

నేను రిటైరయ్యాక ఒక పొద్దున వాళ్ళు కబురు చేస్తే చీరాల సముద్రపు ఒడ్డుకి వెళ్ళాను. ఆవిడా, భర్తా వచ్చి ఉన్నారు. ఈసారి ఎవరూ చెప్పకుండానే ముందు గుర్రం కాలు పట్టుకున్నాను. చల్లగా ఉంది. నరం ఇంకా కొంచెం వంకరే, ఇక ఎప్పటికీ వంకరే. తాడు తీసేయమన్నాను.

అది కాసేపు తడి ఇసుక మీద నడిచింది. బరిలో నేర్పినట్టు కొంత దూరం పోయి తిరిగి వస్తుందేమో అనుకున్నాం. తిరగలేదు. పరుగందుకుంది. మీద మనిషి లేడు, ముందు బ్యాండు లేదు, చూసేది మేం నలుగురమే. అంత వేగం నేను పుస్తకంలో చదివాను గాని కళ్ళతో చూడటం అదే. రైతు మీసం మీద చెయ్యేసి అలాగే ఉండిపోయాడు. దూరాన చిన్న చుక్కై, మళ్ళీ పెద్దదై, మా ముందు నుంచే వెళ్ళిపోయింది.

"ఇప్పుడు చెప్పండి డాక్టరు గారూ," అంది ఆవిడ, నవ్వుతూ. "అదెందుకు అంత వేగంగా పరిగెత్తిద్ది?"

ప్లీహం గుర్తొచ్చింది. గుండె, ఊపిరితిత్తులు, అన్నీ గుర్తొచ్చాయి.

"నొప్పి లేదమ్మా," అన్నాను. "అందుకు."